తెచ్చుకున్న మట్టి

పోయిన వారం, సరుకులో అణువిషాన్ని కొలిచి ముద్ర కొట్టే మీటరమ్మను మనం ఒక అంకె ముందు నిలబెట్టి వదిలేశాం. కూరగాయల మార్కెట్టు వెనక, ఒకే ఒక్క కిటికీ ఉన్న పరీక్షల గదిలో, సీసపు గోడల పెట్టె మీది చిన్న తెరలో ఆరువందల నలభై అని వెలిగింది. వంద దాటిన సరుకు మనుషులు తినకూడదు, గొడ్లకు కూడా వెయ్యకూడదు. డబ్బాలో ఉన్నవేమో ఎవరో నిషేధిత ప్రాంతం కంచె దాటి దొంగతనంగా ఏరుకొచ్చిన పుట్టగొడుగులు కావు. ఆమె ఇంటి పెరట్లో, ఆమె మామగారు స్వయంగా పాదులు తీసి పెంచిన చిక్కుడుకాయలు. మరమ్మతు నుంచి వచ్చిన యంత్రం సరిగ్గా పని చేస్తోందో లేదో చూడటానికి అనుమానం లేని సరుకు ఏదైనా కావాలి కదా అని, పొద్దున్నే ఆమే కోసుకెళ్ళింది.

డబ్బా కడిగి మళ్ళీ నింపింది. పెట్టె లోపల తుడిచి మూడోసారి పెట్టింది. ప్రతిసారీ ఇరవై నిమిషాలు కూర్చుంది. అంకె పదో పరకో అటూ ఇటూ అయిందే తప్ప దిగలేదు.

అణు విద్యుత్ కేంద్రం పేలి ఇరవై నాలుగేళ్ళయింది. అక్కడికి నూట ఇరవై కిలోమీటర్ల దూరాన ఉంది ఈ కొత్త కాలనీ. ఆనాటి గాలి ఇటు రాలేదు, ఆనాటి వాన ఇటు కురవలేదు. అందుకే కదా ఊళ్ళకు ఊళ్ళను ఖాళీ చేయించి తెచ్చి ఇక్కడ పడేసింది. మరి ఈ విషం పెరట్లోకి ఎలా నడిచి వచ్చిందో ఆమెకు అంతు పట్టలేదు.

ఆదివారం పొద్దున మామగారు పేపరు కోసం వీధి చివరికి వెళ్ళాడు. భర్త నీళ్ళ పంపుహౌసులో డ్యూటీ ముగించుకుని ఇంకా రాలేదు. తొమ్మిదేళ్ళ కూతుర్ని పక్కింటావిడ దగ్గర కూర్చోబెట్టి, సంచీలో దాచి తెచ్చుకున్న చేతి మీటరు తీసింది. వీధి గుమ్మం ముందు అది బద్ధకంగా, ఆగి ఆగి టిక్కుమంది. పెరటి మెట్టు దిగి రెండడుగులు వేసిందో లేదో, మూకుట్లో పేలాలు వేయించినట్టు చిటపటలాడింది. పాదుల మధ్యకు పోతే ఒక మోతకీ ఇంకో మోతకీ మధ్య సందే లేదు. గోడ పక్కన సిమెంటు చప్టా మీదికి వస్తే మళ్ళీ నెమ్మదించింది. విషానికి ఇంత తిన్నగా గీత గీసినట్టు హద్దు ఉండటం ఆమె ఎన్నడూ చూడలేదు. గాలితో వచ్చినదైతే గోడ మీదా పడుతుంది, చప్టా మీదా పడుతుంది. ఇది గట్టు కట్టి, కొలిచి పోసినట్టు ఉంది.

గునపం తెచ్చి మూర లోతు తవ్వింది. పైన జానెడున్నర మెత్తటి నల్లమట్టి. దాని కింద బూడిదరంగు నేల, ఇటుక ముక్కలు, గడ్డకట్టిన సిమెంటు. ఈ రెండూ ఒక తల్లి బిడ్డలు కావని చూడగానే తెలిసిపోతోంది. ఒక గాజుగ్లాసులో అడుగున బూడిద నేల, పైన నల్లమట్టి అదే వరసలో వేసి, మూత పెట్టి వంటింటి గట్టు కింద దాచింది. చేతులు మూడుసార్లు కడుక్కుంది. అప్పుడు వంట మొదలుపెట్టింది.

ఆవేళ ఆమె పెరటి కూర ముట్టలేదు. మార్కెట్లో పరీక్షకు నిలిచి ముద్ర పడిన గుడ్లు, ముద్ర పడిన దుంపలు వండింది. భర్త వచ్చాక ముగ్గురూ భోజనానికి కూర్చున్నారు. పాపను మాత్రం రప్పించలేదు.

మామగారు పాత లారీ డ్రైవరు. డెబ్భై మూడేళ్ళ వయసులో కూడా కుర్చీలో కూర్చుంటే స్టీరింగు ముందు కూర్చున్నట్టే, వీపు నిటారుగా, రెండు చేతులూ ముందుకు చాచి కూర్చుంటాడు. కోడలితో ఆయన మాట్లాడేది తక్కువ, దెప్పేది ఎక్కువ. పన్నెండేళ్ళుగా ఆమె ఆయన నోటి నుంచి మంచిమాట విన్నది లేదు. ఏ తప్పు చేశానని ఇంత కడుపుమంట అని మొదట్లో ఏడ్చేది. తర్వాత ఏడుపు మానేసింది. ఆయన కంచంలోకి చూసి, పెరట్లో కాపు కాళ్ళకు అడ్డం పడుతుంటే సంచీ పట్టుకుని మార్కెట్టుకి పోయే కోడళ్ళు కూడా ఉంటారన్నమాట అన్నాడు కొడుకు వంక చూస్తూ. కొడుకు తలెత్తలేదు.

"చిక్కుళ్ళు ఏవి? నిన్న పొద్దున బుట్టెడు కోశావుగా."

"పెట్టెలో పెట్టాను మామయ్యగారూ."

"ఏ పెట్టెలో?"

"సీసం పెట్టెలో."

ఆయన చెయ్యి కంచంలోనే ఆగిపోయింది. ఆమె అంకె చెప్పింది. మూడుసార్లు చూశానని చెప్పింది. ఆయన ముక్కుతో నవ్వాడు. మొన్నటిదాకా మూలపడి ఉన్న యంత్రం మాట, ఆ యంత్రాన్ని నమ్ముకుని బతికే మనిషి మాట, రెండూ కలిపి తూచినా పావుకేజీ తూగవన్నాడు. కొలిచేవాళ్ళకి ఏదో ఒకటి దొరక్కపోతే ఉద్యోగాలు ఊడతాయి కాబట్టి ఇంటి కూరమీద కూడా పడ్డారన్నాడు. ఆమె ఇంకేమీ వాదించకుండా లేచివెళ్ళి గ్లాసు తెచ్చి ఆయన కంచం పక్కన పెట్టింది.

నలుపు పైన, బూడిద కింద. మధ్యాహ్నపు వెలుగు కిటికీలోంచి సరిగ్గా దాని మీదే పడింది.

ఆయన దాన్ని చూశాడు. కోపం రావడానికి ముందు ఆయన ముఖంలో ఇంకేదో వచ్చి పోయింది. తప్పిపోయిన పశువు పక్కవాడి దొడ్లో కనిపిస్తే రైతు ముఖం ఎలా అవుతుందో అలాంటిది. అది క్షణం మాత్రమే.

"నా పెరడు తవ్వావా? ఎవర్నడిగి తవ్వావు?"

"ఎవర్నడిగి పోశారు మీరు?"

పన్నెండేళ్ళలో ఆ ఇంట్లో ఆయనకు ఎదురు ప్రశ్న పడటం అదే మొదలు. భర్త నీళ్ళగ్లాసు అందుకోబోయి మళ్ళీ చెయ్యి వెనక్కు తీసుకున్నాడు. ముసలాయన అరుస్తాడని ఆమె అనుకుంది. అరవలేదు. కంచం పక్కకు నెట్టి, గ్లాసును దగ్గరికి లాక్కుని, మూత తీసి, నల్లమట్టిని వేళ్ళతో నలిపాడు. ఆమె వద్దని చెయ్యి అడ్డుపెట్టబోతే, ఈ చేతులకి కొత్తగా అంటేదేమీ లేదన్నాడు.

ఆ తర్వాత చెప్పాడు. కోడలికి చెప్పుకుంటున్నట్టు కాదు, కోర్టులో సాక్ష్యం ఇస్తున్నట్టు చెప్పాడు.

కాలనీకి వచ్చిన మొదటి ఏడాది ఈ పెరట్లో గడ్డి కూడా మొలవలేదట. ఇళ్ళు కట్టినవాళ్ళు మిగిలిన రాయీ రప్పా అంతా ఇంటి వెనకే పారబోసి, పైన మట్టి అన్న పేరుకు ఇంత దుమ్ము చల్లి పోయారు. అత్తగారు ఏ విత్తనం వేసినా మాడిపోయేది. నలభై ఏళ్ళు పొలంలో బతికిన మనిషి, పెరటి మెట్టు మీద కూర్చుని ఆ ఇటుక ముక్కల్ని చూస్తూ ఉండిపోయేది. పొయ్యి వెలిగించేది కాదు. ఎవరు పలకరించినా పలికేది కాదు. పిచ్చి పడుతుందేమోనని ఆయనకు భయం వేసింది. ఆ రోజుల్లో ఆయన లారీ మీద నిషేధిత ప్రాంతంలోకి కంకర తోలేవాడు. పేలిన కేంద్రం చుట్టూ గోడ కడుతున్నారు. లోపలికి నిండుగా వెళ్ళిన లారీ ఖాళీగా తిరిగొచ్చేది. దారి తమ పాత ఊరి పక్కనుంచే. ఒకరోజు చక్రం తిప్పాడు. కరకట్ట మీదుగా తన పొలం దగ్గర ఆపాడు. పొలం నిండా మనిషెత్తు గడ్డి. పార తీసుకుని నేల తెరిస్తే, వదిలిపెట్టి వెళ్ళిన రోజున ఎలా ఉందో అలాగే ఉందట. అదే నలుపు, అదే వాసన.

"నా తండ్రి దున్నిన మట్టి అది. తెచ్చుకున్నాను. దాన్ని దొంగతనమంటావా నువ్వు?"

"దొంగతనం అనట్లేదు. ఆ మట్టిలో ఉన్న సీజియం విషం ముప్పై ఏళ్ళకి సగమే చస్తుంది మామయ్యగారూ. మిగతా సగం బతికే ఉంటుంది. అది మొక్కలోకి ఎక్కుతుంది, కాయలోకి దిగుతుంది. దాన్ని పాప పాలపళ్ళ నుంచి తింటోంది."

ఆయన మెడ నరాలు పొంగాయి. కొలతల వాళ్ళ సంగతి ఆమె ఆయనకు చెప్పనక్కర్లేదన్నాడు. పేలిన రోజున ఇదే ఉద్యోగం చేసేవాళ్ళు మైకులు కట్టుకుని ఊళ్ళో తిరిగారు. ఏమీ కాలేదు, కిటికీలు మూసుకోండి, పొలాలకు మాత్రం మామూలుగా వెళ్ళండి అన్నారు. పది రోజులు అలాగే అన్నారు. పదకొండో రోజు బస్సులు తెచ్చి, పొయ్యి మీద పాలు పొయ్యి మీదే ఉండగా ఎక్కించారు. ఆ పది రోజులూ మీటర్లు నిద్రపోయాయా అని అడిగాడు. అవసరమైనప్పుడు నోరు మెదపని యంత్రం ఇప్పుడొచ్చి నా చిక్కుడు పాదు మీద ఫిర్యాదు చేస్తే నమ్మాలా అన్నాడు. ఆయన అడిగినదాంట్లో అబద్ధం లేదు. అది ఆమెకూ తెలుసు. ఆ పది రోజుల్లో మూడోరోజే కదా ఆమె బడి నుంచి వానలో తడుస్తూ ఇంటికి నడిచింది. పన్నెండేళ్ళ పిల్ల. కొత్త చెప్పులు పాడవుతాయని చేత్తో పట్టుకుని ఒట్టికాళ్ళతో నడిచింది.

కానీ ఆవేళ ఆమె కూడా జాలిపడే స్థితిలో లేదు. నాలుగేళ్ళ కిందట రక్తం చెడి కన్నుమూసింది అత్తగారు. ఏ డాక్టరూ దేనివల్లో తేల్చి చెప్పలేదు. చివరి ఏడాది కూడా సాయంకాలాలు ఆ పాదుల మధ్యే కూర్చుని, గోళ్ళ నిండా నల్లమట్టితో లోపలికి వచ్చేది. అనకూడదని తెలిసే ఆమె ఆ మాట అనేసింది.

"అత్తయ్య గోళ్ళు రోజూ నేనే కడిగేదాన్ని. దేన్ని కడుగుతున్నానో నాకు తెలియదు. మీకు తెలుసు."

ముసలాయన లేచి నిలబడ్డాడు. కుర్చీ వెనక్కి పడింది. కొడుకు అప్పుడు నోరు విప్పి ఇక ఆపమన్నాడు. ఎవరిని ఆపమన్నాడో చెప్పలేదు. ఆయన నిలబడే, టేబుల్ మీద రెండు పిడికిళ్ళూ ఆనించి, తన భార్య బతికిన చివరి పంతొమ్మిదేళ్ళూ ఆ మట్టి వల్లే బతికిందన్నాడు. అది లేకపోతే మొదటి ఏడాదే పోయేది. ఏ చావు ఎక్కువో ఏ చావు తక్కువో కొలిచే మీటరు ఉంటే పట్టుకురమ్మన్నాడు.

ఆమె ఆఫీసు మనిషిలాగా మాట్లాడింది. రేపు సోమవారం. తాను నివేదిక రాయాలి. ఇంటి పెరడని రాయకుండా ఉండటానికి వీల్లేదు. వాళ్ళు వచ్చి కంచె వేస్తారు, తవ్వి తీసుకుపోతారు, పాపకీ అందరికీ పరీక్షలు చేస్తారు. ఎన్ని ట్రిప్పులు తెచ్చారు, ఎక్కడెక్కడ పోశారు, అది మాత్రం చెప్పమంది.

పదకొండు ట్రిప్పులన్నాడు. రెండు ఈ పెరట్లో. మిగతా తొమ్మిది వీధిలో వాళ్ళకి. టైలరుకి, ఎదురింటి విధవ పంతులమ్మకి, మూలమీద రేడియోలు బాగుచేసే ఇద్దరు అన్నదమ్ములకి. అందరూ పాత ఊరి వాళ్ళే. రాత్రికి రాత్రి పెరట్లో నల్లమట్టి పడితే ఎవరూ ఏమీ అడగలేదా అంది ఆమె.

"ఎందుకడగలేదు? అడిగారు. ఎక్కడిదని అడగలేదు. ఇంకా ఉందా అనడిగారు."

ఆమెకు వీధి వీధంతా కళ్ళముందు తిరిగింది. ప్రతి గోడ వెనకా పచ్చగా వేలాడే పాదులు. కొత్త కాలనీ చూడటానికి వచ్చిన అధికార్లు ఈ వీధి దగ్గరే ఆగి ఫొటోలు దిగేవాళ్ళు. బీడు నేలలో కూడా మనవాళ్ళు ఎంత పచ్చదనం తెచ్చారో చూడండి అని పేపర్లలో వేసేవాళ్ళు. ఒకసారి తనూ ఆ ఫొటోలో నవ్వుతూ నిలబడింది, కూతుర్ని చంకనేసుకుని.

"రాసేస్తాను మామయ్యగారూ. నన్ను తిట్టుకోండి."

"రాయి. కానీ రాసేముందు మీ నాన్ననడుగు. ఆ గేటు తాళంచెవి ఎవరి జేబులో ఉండేదో."

ఆమెకు మొదట అర్థం కాలేదు. నిషేధిత ప్రాంతం గేటు దగ్గర తన తండ్రి కాపలా ఉద్యోగం చేశాడని ఆమెకు తెలియకపోవడమేమిటి. లోపలికి పోయే ప్రతి బండీ ఆయన చేతి మీదుగానే పోయేది, బయటికి వచ్చే ప్రతి బండినీ కడిగించి, కొలిచి, వదలాల్సింది ఆయనే. అర్థం కానిది ఆ మాట కాదు. ఆ మాట వెనక ఉన్న ఏళ్ళు. మామగారు ఇక దాచదలుచుకోలేదు. పుండు చిదిమినవాడు ఆఖరిదాకా పిండినట్టు చెప్పుకుపోయాడు.

వానలో తడిసిన వాళ్ళ ఆరోగ్య కార్డుల మీద ఎర్రచార ఉంటుంది. అది ఉన్న పిల్లకి కాలనీలోనే సంబంధాలు రావు, బయట సంగతి చెప్పేదేముంది. ఆమె తండ్రి ఏడు గడపలు తిరిగి, చివరికి ఈ గడప ఎక్కాడు. ఈయన కొడుకు ఆ వాన కాలంలో వేరే ఊళ్ళో హాస్టల్లో ఉండి చదువుకున్నాడు. అతని కార్డు తెల్లగా ఉంది. మచ్చలేని కుర్రాడికి ఎర్రచార పిల్లని చేసుకోవడానికి ఈయనకేమీ పిచ్చి లేదు. కానీ ఆ వచ్చినాయన కుర్చీలో కూర్చుని, మీ పెరడు బాగా పెరిగిందే అన్నాడట. ఆ ఒక్క మాటే అన్నాడట. మంచినీళ్ళు తాగి, మళ్ళీ ఆ పెరటి వైపే చూశాడట.

"నిన్ను నేను కోరి తెచ్చుకోలేదు. మట్టిని కోరి తెచ్చుకున్నాను. నువ్వు దాని వెంట వచ్చావు."

గోరుచుట్టు మీద రోకలి పోటు అంటారు. ఆమెకు నొప్పి వెంటనే తెలియలేదు. భర్త వైపు తిరిగింది. మీకు తెలుసా అని అడిగింది. అతను టేబుల్ మీద చిందిన మట్టిని గోటితో ఒకచోటికి జరుపుతూ, ఇప్పుడవన్నీ ఎందుకన్నాడు. తెలుసని అనలేదు, తెలియదనీ అనలేదు. తొమ్మిదేళ్ళ పిల్ల తండ్రి ఆ పిల్ల ఏమి తింటోందో విన్న తర్వాత కూడా అడిగిన ప్రశ్న ఒక్కటే: నివేదిక రేపే ఇవ్వాలా అని.

ఆమె చెప్పులేసుకుని బయటపడింది. పాపను రాత్రికి కూడా పక్కింట్లోనే ఉంచుకోమని చెప్పింది. ఏమైందని పక్కింటావిడ అడిగితే, ఏమీ లేదక్కా, మీ పెరట్లో ఆకు మాత్రం కొయ్యకండి అంది. ఆవిడ ముఖం చూసేందుకు ఆగలేదు.

తండ్రి ఉండేది బస్సు చివరి స్టాపులో, సైకిల్ షాపు మీద రెండు గదుల్లో. మెట్లు ఎక్కుతుంటే కింద ట్యూబు అతికించే వాసన పైదాకా వెంట వచ్చింది. ఆయన కిటికీ పక్కన కూర్చుని మందుబిళ్ళలు వారానికి సరిపడా విడివిడిగా డబ్బాలో సర్దుకుంటున్నాడు. ఊపిరి తీసినప్పుడల్లా ఎక్కడో ఈల వినిపిస్తుంది. కూతుర్ని చూసి, ఆదివారం పూట ఒక్కదానివే వచ్చావేం, పాప ఏదీ అన్నాడు.

ఆమె కూర్చోలేదు. లారీ సంగతి అడిగింది. ఆయన ఏ లారీ అన్నాడు. నల్లమట్టి లారీ అంది. గేటులో రోజుకు నలభై లారీలు పోయేవి, నాకేం గుర్తు అన్నాడు. మందుబిళ్ళ ఒకటి వేళ్ళలోంచి జారి మంచం కిందికి పోయింది. వంగి వెతుకుతున్నట్టు నటించడం ఆమె చూసింది. మా మామగారు చెప్పేశాడు నాన్నా, అంది. అప్పుడు ఆయన వెతకడం మానేసి నేలమీదే కూర్చున్నాడు.

మొదట లారీని సమర్థించుకున్నాడు. లోపలికీ బయటికీ పోయేవాళ్ళంతా ఏదో ఒకటి పట్టుకుపోతూనే ఉండేవాళ్ళు. పెద్దవాళ్ళు తలుపులు, మోటార్లు, రాగితీగలు దర్జాగా తోలుకుపోతుంటే, ఒక పేదవాడు మట్టి పట్టుకుపోతానని బతిమాలితే కాదనబుద్ధి కాలేదన్నాడు. తర్వాత పెళ్ళిని సమర్థించుకున్నాడు. అక్కడ ఆయన గొంతు గట్టిపడింది. చూడటానికి వచ్చిన మూడు కుటుంబాలు తమ ఇంట్లో మంచినీళ్ళ గ్లాసు ముట్టుకోలేదు. ఒకాయన వెళ్ళేముందు కుర్చీని చేతిరుమాలుతో కాదు, తన ప్యాంటు వెనక భాగాన్ని చేతిరుమాలుతో తుడుచుకున్నాడు. అది కూతురు చూడలేదు, తాను చూశాడు. ఆ రోజు నిర్ణయించుకున్నాడట, ఏ తలుపు తెరుచుకోకపోతే ఆ తలుపుకి తన దగ్గరున్న తాళంచెవే పెట్టాలని.

"నీకు ఇల్లు దొరికింది. సంసారం దొరికింది. పిల్ల పుట్టింది. నేను చేసింది తప్పని నువ్వు మాత్రం అనకు."

"ఆ పిల్ల ఆ మట్టిలోనే పాకింది నాన్నా."

ఆయన ఈల ఒక్క క్షణం ఆగింది. అది పెరట్లోకి పోతుందని తనకు తెలియదన్నాడు. ఇంటి ముందు పోసుకుని చూసుకుంటారేమో అనుకున్నానన్నాడు. ఎంత పేలవమైన అబద్ధమో ఆయనకే తెలిసి, మాట మధ్యలో మింగేశాడు. ఆమె దగ్గరికి వచ్చి, ఆయన ఎదురుగా తనూ నేలమీద కూర్చుంది. ప్రేమతో కాదు. కళ్ళలోకి సూటిగా చూడాలని.

"బయటికొచ్చే ప్రతి బండినీ కొలవాలి. అది నీ పని. కొలిచావా?"

"కొలిచాను."

"ఎంత వచ్చింది?"

"ముల్లు ఆ చివరిదాకా వెళ్ళి ఆగిపోయింది. ఆపైన ఆ మీటరులో అంకెలు లేవమ్మా."

రోజూ ఎవరో ఒక రైతు తెచ్చిన రెండు కేజీల సరుకు మీద తినకూడదని ఎర్రముద్ర కొట్టి, వాళ్ళ శాపనార్థాలు తింటూ పద్నాలుగేళ్ళు ఉద్యోగం చేసింది. నీ కడుపున పుట్టినవాళ్ళకైతే ఇలాగే కొడతావా అని ఒక ముసలమ్మ ఆమె బల్ల మీద ఉమ్మేసింది కూడా. ఆ ముసలమ్మ పెట్టిన ఆకుకూర నూట పది చూపించింది. పది ఎక్కువైనందుకు పారబోయించింది. ఇక్కడ తన కన్నతండ్రి అంకెలు అయిపోయిన చోట గేటు తెరిచాడు. కంచే చేను మేస్తే ఎవరికి చెప్పుకోవాలి. ఆమెకు ఆయన్ని కొట్టాలనిపించింది. అంత వయసువాణ్ణి, ఊపిరాడని మనిషిని, నిజంగానే కొట్టాలనిపించింది. చేతులు ఒళ్ళో బిగించుకుంది.

"ఇప్పుడు సరిగ్గా చెప్పు. నివేదికలో నీ పేరు కూడా రాస్తాను. పదకొండు ట్రిప్పులకీ తేదీలు నీకు గుర్తున్నంతవరకు చెప్పు. ఆ పెరళ్ళన్నీ తవ్వించాలి."

ఆయన తలెత్తాడు. ముఖంలో భయం పోయి వింతపాటు కనిపించింది.

"పదకొండని ఎవరన్నారు?"

"మామయ్యగారు."

"ఆయనకి తెలిసినవి పదకొండు. నేను గేటు తెరిచింది పదిహేడుసార్లు."

ఆమెకు లెక్క తప్పిందేమోననిపించింది. మిగతా ఆరు ఎవరివని అడిగింది. బండి ఏదని అడిగింది. బండి అదే అన్నాడు. ఆ పాసు అదే, ఆ నంబరు అదే. ఆదివారాలు మీ మామగారు పొద్దెక్కేదాకా నిద్రపోయేవాడు, బండి వీధిలో ఊరికే ఉండేది అన్నాడు. స్టీరింగు దగ్గర కూర్చున్నది మాత్రం ఆయన కాదన్నాడు. మొదటిసారి తిప్పి పంపేద్దామనే అనుకున్నాడట. కానీ ఆ వచ్చినవాడు అద్దం దించి, మా నాన్నకి తెరిచిన గేటే కదా అని చాలా మర్యాదగా అన్నాడట.

అప్పుడతను హాస్టల్లో ఉన్నాడు కదా నాన్నా, అంది.

"ఆదివారాలు ఉండేవాడు కాదు."

కింద సైకిల్ షాపులో ఎవరో చక్రం తిప్పి చూస్తున్నారు. అది ఆగాక, ఆ ఆరు లారీల మట్టి ఎక్కడికి పట్టుకెళ్ళాడో అడిగావా అంది. ఆయన కూతురి కళ్ళలోకి చూడకుండా, డబ్బాలో మిగిలిన మందుబిళ్ళలు చూస్తూ చెప్పాడు. ఒక్కసారి అడిగానన్నాడు. సెలవు రోజుల్లో కాంట్రాక్టరు దగ్గర చిన్న పని దొరికిందని, పిల్లలు ఆడుకునే చోట పల్లంగా ఉంటే ఎత్తు చేస్తున్నామని, బడి తెరిచేలోగా అయిపోవాలని అన్నాడట.

కొత్త కాలనీలో బడి ఒక్కటే ఉంది.